ఊరి బస్సు వేళ: చట్టము, వివాదము, పంచాయతీ

(పంచాయతీ సభ్యుల శిక్షణ శిబిరమున చేసిన ప్రసంగ పాఠము)

సభ్యులారా,

ఈ శిబిరమున నాకు అప్పగింపబడిన విషయము బస్సుల వేళల నియంత్రణము, ఆ వేళలపై కోర్టులలో నడచు వివాదములు. ఈ మాట వినగానే, "ఇది బస్సు యజమానులకును, వకీళ్లకును సంబంధించిన వ్యవహారము గదా, పంచాయతీకి దీనితో పని యేమి?" అని మీలో కొందరికి తోచవచ్చును. మన గ్రామములకు ఇంతకాలము జరిగిన నష్టమునకు ఆ భావమే మూలమని నా మనవి.

రెండు గ్రామములను ఊహింపుడు. రెండును పట్టణమునకు ముప్పది కిలోమీటర్ల దూరముననే యున్నవి. మొదటి గ్రామమున రాత్రి బస్సు నిలిచి, తెల్లవారుజామున అయిదున్నరకు బయలుదేరును. అందులో కూరగాయల గంపలు పోవును; వేలము మొదలు కాకముందే అవి మార్కెట్టు చేరును. ఏడున్నర బస్సులో కళాశాల పిల్లలు పోవుదురు. మోకాళ్ల నొప్పితో బాధపడు ముసలమ్మ అదే బస్సులో పోయి, ఆసుపత్రిలో ఓ.పీ. చీటీ తీసికొని, మధ్యాహ్నమునకు ఇల్లు చేరును. రెండవ గ్రామమునకు తొలి బస్సు తొమ్మిదిన్నరకు గాని రాదు. అప్పటికి వేలము ముగియును. కళాశాలలో రెండు పాఠములు గడచిపోవును. ఆసుపత్రిలో చీటీలు ఇచ్చుట ఆగిపోవును. సాయంకాలపు ఆఖరి బస్సు చీకటి పడిన పిదప వచ్చునని తల్లిదండ్రులు వెరచి, ఆడపిల్లను పదవ తరగతితో చదువు మాన్పింతురు.

ఈ రెండు గ్రామములకు దూరము ఒక్కటే, రోడ్డు ఒక్కటే. భేదమంతయు వేళల పట్టికలోని రెండు అంకెలలో నున్నది. ఆ అంకెలు ఆకాశమునుండి ఊడిపడవు. ఎవరో అడిగిరి, ఎవరో అభ్యంతరము చెప్పిరి, ఎవరో ఉత్తరువు వ్రాసిరి. అడిగినవారిలో బస్సు యజమాని యుండెను, అభ్యంతరము చెప్పినవారిలో అతని పోటీదారు ఉండెను. ఊరు మాత్రము లేదు. ఊరు కూడ ఆ చోట ఎట్లుండగలదో చెప్పుటకే నేడు మీ యెదుట నిలిచితిని.

వేళల పట్టిక అనగా నేమి?

బస్సు స్టాండులో గోడకు అంటించిన కాగితమే వేళల పట్టిక అని మనము అనుకొందుము. చట్టము దృష్టిలో అది అంతకంటె బరువైనది. చార్జీలు పుచ్చుకొని, దారిలో ఎక్కించుకొనుచు దింపుచు ప్రయాణికులను చేరవేయు బస్సును స్టేజి క్యారేజి అందురు. దానిని నడుపుటకు పర్మిటు కావలెను. 1988 మోటారు వాహనముల చట్టము ప్రకారము, పర్మిటు కోరువాడు ఏ రూటున నడపదలచెనో, దినమునకు ఎన్ని ట్రిప్పులు వేయునో, ఏ వేళలకు నడుపునో ముందుగానే దరఖాస్తులో చూపవలెను. ప్రాంతీయ రవాణా అధికార సంస్థ, అనగా జనులు ఆర్.టి.ఏ. అని పిలుచు సంస్థ, ఆ దరఖాస్తును పరిశీలించి పర్మిటు ఇచ్చును. ఇచ్చునప్పుడు షరతులు విధింపవచ్చును. ఆమోదించిన వేళల పట్టిక ప్రతిని బస్సులోను, నిర్ణయించిన స్టాండులలోను, ఆగు చోటులలోను ప్రదర్శింపవలెననుట అట్టి షరతులలో ఒకటి. పట్టికనుండి ఎన్ని నిముషముల మేరకు ముందు వెనుకలు కావచ్చునో ఆ పరిమితిని నిర్ణయించుట మరియొకటి.

కాబట్టి, ఆ షరతులు గల పర్మిటుపై నడచు బస్సు నిర్ణయించిన వేళకు రానిచో, అది యజమాని యిష్టాయిష్టములకు సంబంధించిన సంగతి కాదు, షరతును ఉల్లంఘించుట. షరతులు ఉల్లంఘించినవాని పర్మిటును, అతని సమాధానము విన్న పిదప, రద్దు చేయుటకు గాని, కొంతకాలము నిలిపివేయుటకు గాని చట్టము అధికారమిచ్చినది.

ఇందు మరియొక నిబంధన కలదు; దీనిని మీరు తప్పక జ్ఞాపకముంచుకొనవలెను. దరఖాస్తులో చూపిన వేళలను బట్టి, బస్సు చట్టము అనుమతించిన వేగమును మించి పోవలసి వచ్చునని తోచినయెడల, ఆర్.టి.ఏ. ఆ పర్మిటును నిరాకరింపవలెను. అయితే నిరాకరించుటకు ముందు వేళలను సవరించుకొనుటకు దరఖాస్తుదారునకు అవకాశమియ్యవలెను. 1939 నాటి చట్టములోను ఈ నిబంధన యున్నది. దీని ఆంతర్యము చిన్న లెక్కతో తెలియును. నలుబది కిలోమీటర్ల రూటు, ఇరువది స్టాపులు అనుకొనుడు. స్టాపునకు ఒక్క నిముషము చొప్పున ఇరువది నిముషములు పోవును. ఒక గంటలో చేరునని పట్టిక చెప్పినచో, మిగిలిన నలుబది నిముషములలో నలుబది కిలోమీటర్లు పోవలెను. అనగా మలుపులు, పశువులు, వడ్లు ఆరబోసిన తావులు గల పల్లె రోడ్డుమీద గంటకు అరువది కిలోమీటర్ల సరాసరి వేగము. అట్టి పట్టికను ఆమోదించినచో, డ్రైవరు ఎంత జాగ్రత్తపరుడైనను పరుగెత్తింపక తప్పదు. వేళల పట్టిక సౌకర్యమునకు మాత్రమే కాదు, ప్రాణరక్షణకును సంబంధించినదని దీనివలన గ్రహింపుడు.

అయిదు నిముషములకై వ్యాజ్యమా?

"ఎనిమిది గంటల బస్సును ఎనిమిది అయిదుకు మార్చినచో హైకోర్టు వరకు పోవుటయా?" అని మీరు నవ్వవచ్చును. బస్సు వ్యాపారము తెలిసినవాడు నవ్వడు. స్టాపులో నిలిచిన ప్రయాణికుడు ముందు వచ్చిన బస్సు ఎక్కును. వెనుక వచ్చు బస్సుకొరకు వేచి యుండడు. కావున అయిదు నిముషములు ముందు నడచు బస్సు దారిపొడుగున జనమును ఊడ్చుకొనిపోవును. వెనుక బస్సునకు ఖాళీ సీట్లే మిగులును. ఆనాటి కలెక్షను ఎవరిదో ఆ అయిదు నిముషములే నిర్ణయించును. కాబట్టి ఒకడు తన వేళను ఎనిమిది పదినుండి ఎనిమిది గంటలకు జరుపుమని కోరగానే, ఎనిమిది అయిదు బస్సువాడు అభ్యంతరము దాఖలు చేయును. అధికారి మార్పునకు అనుమతించినచో ఒకడు, నిరాకరించినచో మరియొకడు ట్రిబ్యునలుకో, హైకోర్టుకో పోవును.

ఈ లోపల రోడ్డుమీద ఏమగును? వెనుకవాడు ముందువానిని దాటుటకు పందెము వేయును. ఒకరోజు రెండు బస్సులును కలిసి వచ్చును, ఆ తరువాత రెండు గంటలు ఏ బస్సును రాదు. ఆబోతులు పోట్లాడి లేగల కాళ్లు విరిచినట్లు, యజమానుల వివాదములో నలుగునది ప్రయాణికుడే.

ప్రైవేటు బస్సులు అధికముగా నడచు కేరళ రాష్ట్రములో వేళలు నిర్ణయించుటకు ఆ రూటులోని బస్సు యజమానులను పిలిచి సమావేశము జరుపు పద్ధతి కలదు. దానిని టైమింగు కాన్ఫరెన్సు అందురు. ఆ నిర్ణయములపై అక్కడి హైకోర్టుకు పోయిన వ్యాజ్యములు పెక్కు. వానిలో తరచుగా వినబడు వాదము ఒక్కటే: మార్పు మా సర్వీసును దెబ్బతీయునది గనుక, మా మాట వినక ఉత్తరువు చేయరాదు. ఈ వాదము న్యాయమైనదే. కాని ఆ వేళకు నష్టపోవువారిలో యజమాని ఒక్కడే కలడా? బడి పిల్లలు లేరా? పాలకేంద్రమునకు క్యాను చేర్చవలసిన రైతు లేడా? వారి మాట ఎవరు వినిపింపవలెను?

కృష్ణా జిల్లా బస్సుల వ్యాజ్యము

వినుట అనగా నేమియో మన తెలుగునాట పుట్టిన ఒక బస్సు వ్యాజ్యమే దేశమునకంతకు బోధించినది. ఆ కథను కొంచెము వివరించెదను.

స్వాతంత్ర్యము వచ్చిన తొలి సంవత్సరములలో బస్సు రవాణాను ప్రభుత్వమే చేపట్టవలెనను ఉద్దేశము పలు రాష్ట్రములలో బలపడెను. తెలంగాణ ప్రాంతమున అంతకుముందే, నైజాము రాష్ట్ర రైల్వే వారు 1932లో 27 బస్సులతో రోడ్డు రవాణా ప్రారంభించియుండిరి. 1954లో సగీర్ అహ్మద్ వ్యాజ్యమునందు సుప్రీంకోర్టు, ప్రజల రోడ్డుపై బస్సు నడిపి జీవనము చేసికొనుట పౌరుని హక్కేయని, ఆ హక్కును తొలగించుటకు రాజ్యాంగము ఒప్పుకొను మార్గముననే పోవలెనని చెప్పెను. తరువాత 1956లో మోటారు వాహనముల చట్టమునకు ఒక కొత్త అధ్యాయము చేర్చిరి. దాని ప్రకారము ప్రభుత్వ రవాణా సంస్థ ముందుగా ఒక స్కీమును ప్రకటింపవలెను. బాధపడువారు ముప్పది దినములలో అభ్యంతరములు పంపవలెను. ప్రభుత్వము వారి మాట విని, స్కీమును ఆమోదింపవలెను, లేదా సవరింపవలెను.

1957లో కృష్ణా జిల్లా రూట్ల విషయమున ఇట్టి స్కీము వెలువడెను. ప్రైవేటు బస్సుల యజమానులు అభ్యంతరములు తెలిపిరి. ఆ అభ్యంతరములను విన్నవారు రవాణా శాఖకు బాధ్యులైన కార్యదర్శి. స్కీమును ఆమోదించినవారు ముఖ్యమంత్రి. 1958 జనవరి 11న ఆంధ్రప్రదేశ్ రాష్ట్ర రోడ్డు రవాణా సంస్థ ఏర్పడెను. యజమానులు సుప్రీంకోర్టుకు పోయిరి. అదియే గుల్లపల్లి నాగేశ్వరరావు వ్యాజ్యమని న్యాయగ్రంథములలో ప్రసిద్ధికెక్కినది.

1958 నవంబరు 5న తీర్పు వెలువడెను. దానిని వ్రాసినవారు జస్టిస్ కోకా సుబ్బారావు గారు. వారు అంతకుముందు ఆంధ్ర హైకోర్టు ప్రథమ ప్రధాన న్యాయమూర్తి. పిదప 1966లో భారత ప్రధాన న్యాయమూర్తి యైరి. తీర్పులోని సారము రెండు మాటలలో చెప్పవచ్చును. మొదటిది: తగవులో ఒక పక్షమైన శాఖకు అధిపతియే ఆ తగవును వినరాదు. రెండవది: ఒకరు విని మరియొకరు నిర్ణయించుట వినుట కాదు. ఎదుట నిలిచినవాని ముఖము చూడక, అతని వాదము వినక నిర్ణయించినచో, విచారణ వట్టి లాంఛనమగును. ఈ కారణములచే ఆనాటి ఆమోదము చెల్లదని కోర్టు నిర్ణయించెను.

అంతట ఏమి జరిగెను? అభ్యంతరములను ముఖ్యమంత్రియే స్వయముగా వినిరి. యజమానులు మరల కోర్టుకు పోయి, ముఖ్యమంత్రి పక్షపాతబుద్ధితో వినెనని వాదించిరి. 1959లో సుప్రీంకోర్టు ఆ వాదమును అంగీకరింపలేదు. జాతీయము చేయు విధానమును కోర్టు తప్పు పట్టలేదని, వినవలసిన రీతిని మాత్రమే సరిదిద్దెనని దీనివలన తెలియుచున్నది.

ఈ వ్యాజ్యము రూట్లను గూర్చినది, కేవలము వేళలను గూర్చినది కాదు. డిపో మేనేజరు ప్రతి చిన్న మార్పునకును కోర్టువలె విచారణ జరుపవలెనని కూడ దీని అర్థము కాదు. అయినను, చట్టము వినుమని చెప్పిన చోట వినుట నిజమైనదిగా నుండవలెనను సూత్రము ఇందు స్థిరపడినది. అయిదు నిముషముల వేళకై పోరాడు యజమాని నేటికిని ఆశ్రయించునది ఆ సూత్రమునే. ఒక జిల్లా బస్సు యజమానులు దానిని సాధించిరి. వారి బస్సులలో ప్రయాణము చేసిన గ్రామముల వారు దానిని వినియోగించుకొనిరా యన్నదే ప్రశ్న.

పాత చట్టము ఇచ్చిన చోటు, కొత్త చట్టములోని మార్పు

1939 చట్టము స్థానిక సంస్థలకు ఒక చోటు కల్పించినది. పర్మిటు దరఖాస్తును పరిశీలించునప్పుడు ఆర్.టి.ఏ. ప్రజల మేలును, ప్రయాణ కాలములో కలుగు ఆదాను, ఆ ప్రాంతమునకు కలుగు లాభమును చూడవలసియుండెను. ఆ రూటు ఏ స్థానిక సంస్థ పరిధిలో పోవుచున్నదో ఆ సంస్థ పంపిన విన్నపమును కూడ గమనింపవలసియుండెను. పర్మిటును వ్యతిరేకించిన స్థానిక సంస్థకు అప్పీలు హక్కును కలదు. ఏబది సంవత్సరములు ఆ చట్టము అమలునందుండెను.

1989 జూలై 1న 1988 చట్టము అమలులోనికి వచ్చెను. దీని ఉద్దేశము పర్మిట్లను ధారాళముగా ఇచ్చుట. సాధారణముగా పర్మిటు నిరాకరింపరాదని ఇది చెప్పినది. 1991లో మిథిలేశ్ గార్గ్ వ్యాజ్యమునందు సుప్రీంకోర్టు, పోటీ పెరుగుట ప్రజలకు మేలని, ఇదివరకే బస్సులు నడుపువారికి కొత్తవారి పర్మిట్లను అడ్డగించు హక్కు లేదని తీర్పు చెప్పెను. కొత్తవానిని అడ్డగించు ద్వారము మూసికొనిపోగా, వివాదములకు మిగిలిన ముఖ్యమైన ద్వారము వేళలు. వానిని రానీయక తప్పదు గనుక, నా బస్సునకు ముందు రానీయకుడు అనుట యజమానుల వాదమాయెను.

ఈ మార్పులో గ్రామములు గమనింపవలసినది మరియొకటి కలదు. స్థానిక సంస్థ పేరు చెప్పి, దాని విన్నపమును గమనింపుడని పాత చట్టములోనున్న మాట కొత్త చట్టములోని ఆ తావున లేదు. పిలిచి అడుగువారు లేరు. కావున పంచాయతీ తానుగా పోయి చెప్పవలెను. అడుగనిదే అమ్మయైనను పెట్టదు గదా!

అయితే అడుగుటకు తగిన ఆధారములు పోలేదు. ప్రభుత్వ రవాణా సంస్థ కొరకు రూటును గూర్చిన స్కీమును ప్రతిపాదించినప్పుడు గెజెట్టులోను, ఆ ప్రాంతపు భాషలో వెలువడు పత్రికలోను ప్రకటింపవలెనని కొత్త చట్టము చెప్పుచున్నది. ముప్పది దినములలో ఎవరైనను అభ్యంతరము పంపవచ్చును. పాత చట్టము మొదట "బాధపడు వ్యక్తి" అన్నది. కొత్త చట్టము "ఏ వ్యక్తియైనను" అన్నది. ఇది మనకు లాభమే. 2019 సవరణ గ్రామీణ రవాణా కొరకు పర్మిట్లను మార్చుటకును, ప్రత్యేక పథకములు చేయుటకును రాష్ట్ర ప్రభుత్వములకు అధికారమిచ్చెను. 1993లో అమలులోనికి వచ్చిన రాజ్యాంగ సవరణ పదునొకండవ షెడ్యూలులో రోడ్లు, వంతెనలు, రాకపోకల సాధనములను పంచాయతీలకు అప్పగింపదగిన విషయములలో చేర్చినది. కాబట్టి బస్సు మాట మాట్లాడుట పంచాయతీకి తగని పని యని ఎవరును అనజాలరు.

ఆర్.టి.సి. బస్సు సంగతి

తెలుగు రాష్ట్రములలో పల్లెలకు వచ్చు బస్సులలో అధికభాగము ఆర్.టి.సి. వారివి. అక్కడ యజమానుల పోటీ లేదు గాని, వేరొక ఇబ్బంది కలదు. ఏ ట్రిప్పులో ఎన్ని సీట్లు నిండినవి, కిలోమీటరునకు ఎంత కలెక్షను వచ్చినది అను లెక్క చూచి డిపోలో వేళలు నిర్ణయింతురు. లెక్కలో వెనుకబడిన ట్రిప్పు ముందుగా ఎగిరిపోవును.

1950 రోడ్డు రవాణా సంస్థల చట్టము ఈ సంస్థలపై రెండు బాధ్యతలు ఉంచినది. సమర్థమైనదియు, చాలినంతయు, పొదుపైనదియు, సమన్వయము గలదియు నగు రవాణా సౌకర్యము కల్పించుట ఒకటి. వ్యాపార సూత్రములను అనుసరించి నడచుట రెండవది. రెండవ మాటను డిపో తనంతట తానే జ్ఞాపకముంచుకొనును. మొదటి మాటను జ్ఞాపకము చేయుట మన పని. సీట్లు నిండలేదని అధికారి చెప్పినప్పుడు, "వేళ సరికానందున నిండలేదు; ఈ వేళకు నడిపినచో ఇంతమంది ఎక్కుదురు" అని లెక్కతో బదులు చెప్పగలిగిన పంచాయతీ మాట నిలుచును.

2021లో రంగారెడ్డి జిల్లాలోని ఒక గ్రామమునకు చెందిన బడిపిల్ల భారత ప్రధాన న్యాయమూర్తికి ఉత్తరము వ్రాసెను. కోవిడ్ కాలమున నిలిచిపోయిన బస్సు మరల రాలేదని, బడికి పోవుట కష్టముగా నున్నదని అందులోని మొర. ప్రధాన న్యాయమూర్తి ఎన్.వి. రమణ గారు ఆ ఉత్తరమును తెలంగాణ ఆర్.టి.సి. దృష్టికి తెచ్చిరి. బస్సు తిరిగి వచ్చెను. ఆ పిల్ల ధైర్యము మెచ్చదగినది. కాని ఒక చిన్నపిల్ల ఢిల్లీకి ఉత్తరము వ్రాయవలసి వచ్చుట పెద్దలమైన మనకు గౌరవమా? అట్టి ఉత్తరము మొదట వ్రాయవలసినది పంచాయతీ కాదా?

తెలంగాణలో 2023 డిసెంబరు 9న, ఆంధ్రప్రదేశ్‌లో 2025 ఆగస్టు 15న స్త్రీలకు ఆర్.టి.సి. బస్సులలో ఉచిత ప్రయాణము ప్రారంభింపబడినది. బస్సు రాని వేళకు ఉచిత ప్రయాణము వలన ఫలమేమి? వేళల ప్రాముఖ్యము దీనితో హెచ్చినదే గాని తగ్గలేదు.

ఇంగ్లండు అనుభవము

ఇతర దేశముల సంగతి ఒక్క మాట. ఇంగ్లండులో 1930 చట్టము ట్రాఫిక్ కమీషనరులను నియమించి, బస్సు సర్వీసులకు లైసెన్సులిచ్చి వేళలను నియంత్రించు పని వారికి అప్పగించినది. 1986 అక్టోబరు 26నుండి లండను వెలుపల ఆ నియంత్రణమును తొలగించిరి. అయినను వేళలను ముందుగా నమోదు చేయింపవలెనను నియమమును విడువలేదు. నమోదు చేసిన వేళకు ఒక నిముషమునకు మించి ముందుగా గాని, అయిదు నిముషములకు మించి ఆలస్యముగా గాని బస్సు పోరాదని ట్రాఫిక్ కమీషనరులు ప్రమాణము పెట్టిరి. ఆలస్యమునకు అయిదు నిముషముల మన్నన, తొందరకు ఒక్క నిముషమే మన్నన. ఏలయన, ఆలస్యముగా వచ్చిన బస్సు ప్రయాణికుని వేచియుండజేయును. ముందుగా పోయిన బస్సు వానిని వదలిపెట్టి పోవును. మన ఊరిలో ఫిర్యాదు చేయునప్పుడు ఈ భేదమును పాటింపుడు. "బస్సు ఆలస్యముగా వచ్చుచున్నది" అనుటకంటె, "ఫలాని ఫలాని తేదీలలో వేళకు ముందే పోయినది" అనుట బలమైన ఫిర్యాదు.

పంచాయతీ చేయదగినది

ఇక చేయవలసిన పనుల మాట.

మొదట, మీ ఊరికి ఆమోదింపబడిన వేళలు ఏవియో కాగితముపై సంపాదింపుడు. డిపోలోనో, రవాణా కార్యాలయములోనో అడుగుడు. ఇయ్యనిచో 2005 సమాచార హక్కు చట్టము కలదు. సాధారణముగా ముప్పది దినములలో జవాబు ఇయ్యవలెను. ఆ ప్రతిని పంచాయతీ కార్యాలయమునను, బస్సు ఆగు చోటునను అంటింపుడు. ఉన్న వేళ తెలియనిదే తప్పిన వేళ తెలియదు.

రెండవది, పదునైదు దినములు బస్సు వచ్చిన వేళను, పోయిన వేళను, ఎక్కినవారి సంఖ్యను ఒక పుస్తకములో వ్రాయింపుడు. స్టాపునొద్ద దుకాణము నడుపువాడో, చదువుకొన్న యువకుడో ఈ పని చేయగలడు. "చాలమంది బాధపడుచున్నారు" అను మాటకంటె ఆ పుస్తకము విలువైనది.

మూడవది, గ్రామసభలో చర్చించి తీర్మానము చేయుడు. ఏ బస్సు, ఏ వేళనుండి ఏ వేళకు మార్చవలెను, ఎందువలన, ఎందరికి ఉపయోగము అను నాలుగు సంగతులు అందుండవలెను. బడి గంట, కళాశాల గంట, మార్కెట్టు వేళ, ఆసుపత్రి వేళ, రైలు వేళ ఏవియో పేర్కొనుడు. స్త్రీల మాట తప్పక వినుడు. ఆఖరి బస్సు వేళ ఎంత ముఖ్యమో మగవారికంటె వారికి బాగుగా తెలియును.

నాలుగవది, పొరుగు గ్రామములతో సంప్రతింపుడు. మీకు పది నిముషములు ముందైనది చివరి ఊరికి పది నిముషములు తక్కువ నిద్ర కావచ్చును. రూటులోని గ్రామములన్నియు ఒకే కోరిక పంపినచో అధికారికి నిర్ణయించుట సులభము. ఒక్కొక్క ఊరు ఒక్కొక్క వేళ కోరినచో, ఉన్న వేళయే ఉండిపోవును.

అయిదవది, అడుగవలసిన చోట అడుగుడు. ఆర్.టి.సి. బస్సైనచో డిపో మేనేజరునకు, ఆపై అధికారులకు. ప్రైవేటు బస్సైనచో ఆర్.టి.ఏ. కార్యదర్శికి వ్రాయుడు. ప్రతి కాగితమునకు రసీదు పుచ్చుకొనుడు. విచారణ జరిగినచో సర్పంచి గాని, తీర్మానముచే నియమింపబడిన సభ్యుడు గాని స్వయముగా పోయి మాట్లాడవలెను. మాట్లాడినదంతయు వ్రాతమూలముగా కూడ ఇయ్యవలెను. ఒకవేళ విన్నవారు, నిర్ణయించువారు వేరైనను, మీ కాగితము నిర్ణయించువాని బల్లపైకి చేరును.

ఆరవది, గెజెట్టు ప్రకటనలపై కన్ను వేయుడు. ముప్పది దినములు గడచిన పిదప ఎంత న్యాయమైన అభ్యంతరమైనను బలము కోల్పోవును.

కోర్టు చివరి మెట్టు. అధికారి చట్టము చెప్పిన పని చేయనప్పుడు హైకోర్టును ఆశ్రయించు మార్గము రాజ్యాంగము ఇచ్చినదే. కాని వ్యాజ్యమునకు డబ్బును, కాలమును కావలెను. పైన చెప్పిన ఆరు పనులును చేసినవానికి అంతదూరము పోవలసిన అవసరము అరుదుగా కలుగును. పోవలసి వచ్చినను చేతిలో సాక్ష్యముండును.

చేయరానివి రెండు. ఒక బస్సు యజమాని వ్రాసి తెచ్చిన కాగితముపై పంచాయతీ ముద్ర వేయకుడు. అతని అయిదు నిముషముల పోరులో మీ తీర్మానము ఆయుధమైనచో, రేపు మీ నిజమైన కోరికను ఎవరును నమ్మరు. రెండవది, కోపముతో రోడ్డుకు అడ్డముగా కూర్చుండి బస్సును ఆపకుడు. ఆగినది ఆ డ్రైవరు తప్పు చేసిన బస్సు కాదు, అందులోని రోగి ప్రయాణము.

మన వంతు కూడ కలదు. బస్సు తిరుగుటకు చోటు లేని విధముగా రోడ్డును ఆక్రమించినది ఎవరు? రోడ్డుపై వంగిన కొమ్మలను కొట్టింపనిది ఎవరు? రాత్రి బస్సు సిబ్బంది పడుకొనుటకు ఒక గది, త్రాగునీరు, దీపము కల్పింపని ఊరికి రాత్రి బస్సు ఎంతకాలము వచ్చును? ఈ పనులు పంచాయతీ చేతిలోనే యున్నవి. వీనిని చేసి చూపిన పంచాయతీ కోరికకు బరువు హెచ్చును.

సభ్యులారా, వేళల వివాదములలో యజమానికి వకీలు కలడు, సంస్థకు వకీలు కలడు. తెల్లవారుజామున గంపతో స్టాపునొద్ద నిలిచిన అమ్మకు వకీలు లేడు. ఆమెకు ఉన్నది మీరే. మీరు ఈ శిబిరమునుండి తిరిగిపోవునది కూడ బస్సులోనే గదా! స్టాపులో నిలిచినప్పుడు గడియారము చూచి, బస్సు వచ్చిన వేళను ఒక కాగితముపై వ్రాసికొనుడు. మీ ఊరి పుస్తకమునకు అదియే మొదటి పంక్తి యగును.